ఖురాన్ అర్థం: హైదరాబాదు నుండి ఇంగ్లీషుకు, ఫ్రెంచికి

(సొసైటీ వార్షిక సభలో చేసిన ప్రసంగ పాఠం)



కార్యదర్శి గారు నెల రోజుల క్రితం మా యింటికి వచ్చి, "మాస్టారూ, ఈసారి సభలో మీరు ఏదో ఒకటి మాట్లాడాలి, సావనీరులో కూడా వేసుకుంటాం" అన్నారు. నేను ఆలిమ్‌ను కాను, హాఫిజ్‌ను అంతకన్నా కాను. ముప్ఫయి యేళ్ళ పైచిలుకు హైస్కూల్లో సోషల్ పాఠాలు చెప్పి రిటైరైన వాణ్ణి. దీన్ సంగతులు చెప్పడానికి మౌలానా సాహెబు గారు ఇక్కడే ఉన్నారు. వారి ఎదుట నేను మసాయిల్ మాట్లాడితే బాగుండదు. అయితే సోషల్ మాస్టారు చెప్పదగిన చరిత్ర ఒకటి ఉంది. దానిలోకి నన్ను నెట్టింది మా మనవరాలు అడిగిన ఒక ప్రశ్న. ముందు అది మనవి చేస్తాను.

పోయిన సంవత్సరం మా ఇంటావిడకు అల్లాహ్ పిలుపు వచ్చింది. మీలో చాలామంది జనాజాకు వచ్చి నా భుజం పట్టుకున్నారు. అల్లాహ్ మీకు మేలు చేయుగాక. మూడో రోజు జియారతు నాడు ఇంటిల్లిపాదీ సిపారాలు పంచుకుని చదివాము. మా మనవరాలు ఇంటర్ చదువుతోంది. తొమ్మిదో యేటనే ఖురాన్ ఖతం చేసింది. ఆనాడు వీధంతా మిఠాయి పంచాము. ఆ పిల్ల వాళ్ళ దాదీ కోసం రెండు సిపారాలు చదివింది. రాత్రి చుట్టాలందరూ సర్దుకున్నాక నా మంచం దగ్గరకు వచ్చి కూర్చుంది.

"దాదా, దాదీ కోసం చదివాను గదా. ఏం చదివాను?" అని అడిగింది.

"సవాబు వస్తుందమ్మా" అన్నాను.

"అది తెలుసు దాదా. అందులో ఏముందని అడుగుతున్నాను" అంది.

నాకు జవాబు రాలేదు. లేచి అల్మారాలో నుంచి మా అబ్బాజాన్ చదువుకున్న ఖురాన్ తీశాను. అరబ్బీ పంక్తి, దాని కింద ఉర్దూ తర్జుమా. ఆ పిల్లకు ఉర్దూ లిపి రాదు. ఇంట్లో మాట్లాడేది ఉర్దూయే, కానీ చదువు ఇంగ్లీషు మీడియం, సెకండ్ లాంగ్వేజి తెలుగు. పోనీ నేను చదివి వినిపిద్దామంటే నా కళ్ళు ఒక పక్క, ఆ పాతకాలపు ఉర్దూ మాటలు ఒక పక్క అడ్డొచ్చాయి. చివరికి ఆ పిల్లే ఫోనులో వెతికి ఇంగ్లీషు తర్జుమా తీసింది. కింద తర్జుమా చేసినవారి పేరు ఉంది, పిక్తాల్ అని.

"ఎవరు దాదా ఈయన? తెల్లవాడా? మన కితాబులో ఏముందో మనకు తెల్లవాడు చెప్పాలా?" అంది.

ఆ మాటలో కొంచెం కోపం ఉంది, కొంచెం సిగ్గు ఉంది. సిగ్గు ఆమెది గాదు, నాది. నలభై రోజులు గడిచాక నేను ఆ పిక్తాల్ గారెవరో చదవడం మొదలుపెట్టాను. చదివిన కొద్దీ తెలిసిందేమంటే, ఆ తెల్లాయన మన హైదరాబాదులో ఉద్యోగం చేసుకుంటూ ఆ పని చేశాడు. ఆయన తర్వాత హైదరాబాదులోనే పుట్టిన ఇంకొకాయన అదే పని ఫ్రెంచి భాషలో చేశాడు. ఆ ఇద్దరి సంగతే ఈనాటి నా ప్రసంగం.

ముందుగా, వాళ్ళకు ముందు ఐరోపాలో ఏం జరిగిందో నాలుగు మాటల్లో చెబుతాను. ఖురాన్ లాటిన్ భాషలోకి మొదటిసారి 1143లో వచ్చింది. క్లూనీ అనే పెద్ద క్రైస్తవ మఠం అధిపతి పీటర్ కోరిక మీద కెట్టన్ ఊరివాడైన రాబర్ట్ దానిని తర్జుమా చేశాడు. కోరినవాని ఉద్దేశం దాచుకున్నది కాదు. ఇస్లాంను ఖండించాలంటే ముందు దానిలో ఏముందో తెలియాలి, అంతే. ఆ లాటిన్ పుస్తకం నాలుగు వందల యేళ్ళ తర్వాత 1543లో స్విట్జర్లాండులోని బాసెల్ పట్టణంలో అచ్చయింది. 1647లో ద్యు రియే అనే ఫ్రెంచివాడు తన భాషలోకి మార్చాడు. రెండేళ్ళకే, 1649లో, ఇంగ్లీషు ఖురాన్ లండనులో వెలువడింది. అది అరబ్బీ చూసి చేసింది గాదు, ఆ ఫ్రెంచి పుస్తకాన్ని చూసి చేసింది. చెవిలో చెవిలో చెప్పుకునే ఆట పిల్లలు ఆడతారు గదా, చివరివాడి దగ్గరకు వచ్చేసరికి మాట ఎట్లా తయారవుతుందో ఊహించుకోండి.

1734లో జార్జి సేల్ అనే లండను లాయరు అరబ్బీ నుంచే ఇంగ్లీషులోకి చేశాడు. ఆయనకు న్యాయబుద్ధి ఉంది, కష్టపడ్డాడు. నూటయాభై యేళ్ళు, ఆ పైన కూడా, ఇంగ్లీషువాళ్ళు ఆయన పుస్తకమే చదివారు. అయినా ఆయన కూడా బయట నిలబడి కిటికీలోంచి చూసినవాడే. ఇరవయ్యో శతాబ్దం వచ్చాక మన దేశపు ముస్లింలు ఇంగ్లీషు తర్జుమాలు మొదలుపెట్టారు. వాళ్ళకు విశ్వాసం ఉంది గాని ఇంగ్లీషు తల్లి నేర్పిన భాష కాదు. విశ్వాసము, మాతృభాష రెండూ ఒకే మనిషిలో కలిసింది పిక్తాల్ దగ్గరనే.

మార్మడ్యూక్ పిక్తాల్ 1875లో లండనులో పుట్టాడు. తండ్రి క్రైస్తవ మతగురువు. చర్చిల్ చదివిన హారో స్కూల్లోనే కొంతకాలం చదివాడు. ఇరవై యేళ్ళు నిండకముందే ఈజిప్టు, పాలస్తీనా, సిరియాలు తిరిగాడు. దొరల బంగళాల్లో దిగలేదు. పల్లెల్లో, సత్రాల్లో జనంతో కలిసి తిరుగుతూ అరబ్బీ నేర్చుకున్నాడు. డమాస్కస్‌లో ఉమయ్యద్ మసీదు పెద్ద శైఖ్ దగ్గర పాఠాలు చెప్పించుకుంటూ, ఒకనాడు తాను ఇస్లాం స్వీకరిస్తానన్నాడట. ఆ శైఖ్ సంతోషించి ఊరుకోలేదు. నీవు చిన్నవాడివి, ఇంటి దగ్గర తల్లి ఉంది, ఆమె మనసు ఎట్లా ఉంటుందో ఆలోచించు, తొందరపడకు అని పంపేశాడని ఆయన జీవిత చరిత్రల్లో ఉంది. చూడండి, ఆ పెద్దమనిషి ఎంత దూరం చూశాడో! పిక్తాల్ ఇంటికి వెళ్ళి నవలలు రాశాడు, పేరు తెచ్చుకున్నాడు. ఇరవై యేళ్ళకు పైగా గడిచాక, 1917లో, లండనులో నలుగురి ముందు తాను ముస్లింనని ప్రకటించాడు.

1920లో బొంబాయి వచ్చి బాంబే క్రానికల్ పత్రికకు సంపాదకుడయ్యాడు. ఖిలాఫతు ఉద్యమం, సహాయ నిరాకరణం జోరుగా నడుస్తున్న రోజులవి. ఇంగ్లీషువాడై యుండీ గాంధీగారి పక్షాన నిలిచాడు. 1924లో ఆ పత్రిక వదిలిపెట్టాడు. 1925లో నిజాం ప్రభుత్వంలో చేరి చాదర్‌ఘాట్ హైస్కూలుకు ప్రిన్సిపాల్ అయ్యాడు. అంటే నా బోటి పంతులే అన్నమాట. పంతుళ్ళను చిన్నచూపు చూసేవాళ్ళు ఈ సంగతి గుర్తుపెట్టుకోవాలి! 1927లో హైదరాబాదు నుంచి ఇస్లామిక్ కల్చర్ అనే త్రైమాసిక పత్రిక ఆయన సంపాదకత్వంలో మొదలైంది. అదే సంవత్సరం మద్రాసులో ఇస్లాం నాగరికత మీద వరుసగా ఎనిమిది ఉపన్యాసాలు ఇచ్చాడు.

ఇక తర్జుమా సంగతి. స్కూలు పని, పత్రిక పని చూసుకుంటూ రాత్రుళ్ళు రాసుకుంటే అది తెమిలే పని కాదు. 1928లో నిజాం మీర్ ఉస్మాన్ అలీ ఖాన్ ఆయనకు పూర్తి జీతంతో రెండేళ్ళు సెలవు ఇచ్చాడు. నిజాం గురించి ఎవరి అభిప్రాయాలు వారికి ఉంటాయి, ఇక్కడ ఆ చర్చ వద్దు. ఆ జీతం మాత్రం మన రైతులు కట్టిన శిస్తులోంచి వచ్చింది. తెలంగాణా పల్లెల్లో, మరాఠ్వాడా పల్లెల్లో, కన్నడ జిల్లాల్లో పొలం దున్నిన హిందువులు, ముస్లింలు కట్టిన సొమ్ము అది. ఇవాళ లండనులో, న్యూయార్కులో ఒక కుర్రవాడు ఇంగ్లీషులో ఖురాన్ అర్థం చదువుకుంటుంటే అందులో ఆ రైతుల వాటా ఉంది. మా మనవరాలికి నేను మొదట చెప్పిన జవాబు ఇదే.

పని దాదాపు పూర్తయింది. మనమైతే ఏం చేస్తాం? అచ్చుకు ఇచ్చేస్తాం. పిక్తాల్ ఇవ్వలేదు. తన అరబ్బీ ఎంత గట్టిదైనా అది నేర్చుకున్న అరబ్బీ. అరబ్బీ తల్లిభాషగా ఉండి, ఖురాన్ చదువుకుని, ఇంగ్లీషు కూడా తెలిసినవాడు ఒక్కొక్క వాక్యం సరిచూడాలి అనుకున్నాడు. 1929 చివర చేతిరాత ప్రతి పట్టుకుని కైరో వెళ్ళాడు.

అక్కడ పెద్ద గొడవలో చిక్కుకున్నాడు. ఆనాడు ఈజిప్టు ఉలమాల్లో చాలామంది ఖురాన్‌కు తర్జుమాయే కూడదన్నారు. వాళ్ళను మూర్ఖులని కొట్టిపారేయకండి, వాళ్ళ భయానికి కారణం ఉంది. టర్కీలో 1924లో ఖిలాఫతు పోయింది, 1928లో అరబ్బీ లిపి పోయింది. రేపు నమాజులో కూడా అరబ్బీ తీసేసి తర్జుమా చదువుతారేమోనని వాళ్ళ బెంగ. వాళ్ళ బెంగ ఉత్తది కాదని తర్వాత తెలిసింది. 1932 నుంచి 1950 దాకా టర్కీలో అజాన్ కూడా టర్కీ భాషలోనే ఇచ్చారు. తర్జుమా అసలు స్థానంలో కూర్చుంటుందేమోనన్న భయం అది.

అజ్‌హర్ విశ్వవిద్యాలయానికి అంతకుముందు అధిపతిగా పనిచేసిన శైఖ్ ముస్తఫా అల్ మరాఘీ మాత్రం ధైర్యం చెప్పాడు. ముహమ్మద్ అహ్మద్ అల్ ఘమ్రావీ అనే ఇంగ్లీషు వచ్చిన ఈజిప్టు అధ్యాపకుడు పిక్తాల్‌తో కూర్చుని తర్జుమా మొత్తం సరిచూశాడు. వాదోపవాదాలన్నీ అయ్యాక తేలిన దారి చాలా చిన్నది. దీనికి ఖురాన్ అని పేరు పెట్టవద్దు, ఖురాన్ అర్థం అని పెట్టు, అప్పుడు మాకు అభ్యంతరం లేదు అన్నారు. పిక్తాల్‌కు అది అడ్డంకి అనిపించలేదు, ఎందుకంటే ఆయన మనసులోనూ అదే ఉంది. ఖురాన్‌ను అనువదించడం సాధ్యం కాదని ఆయనే తన ముందుమాటలో ఒప్పుకున్నాడు. అంచేత 1930లో అచ్చయిన ఆ పుస్తకం పేరు మీదనే 'అర్థం' అనే మాట ఉంది. ఆ ఒక్క మాట వెనుక కొన్ని నెలల వాదన ఉంది. ఆ తర్వాత కొన్నేళ్ళకు, 1936లో, మరాఘీ గారు మళ్ళీ అజ్‌హర్ అధిపతిగా ఉన్నప్పుడు, అర్థాలను ఇతర భాషల్లోకి తేవడానికి అక్కడ కూడా ఆమోదం దొరికింది.

పిక్తాల్ 1935లో హైదరాబాదు విడిచి ఇంగ్లండు వెళ్ళి 1936 మే నెలలో కన్నుమూశాడు. లండనుకు కొంత దూరంలో బ్రూక్‌వుడ్ శ్మశానంలో ముస్లింల భాగంలో ఆయన సమాధి ఉంది. ఇంకో ఇంగ్లీషు తర్జుమా చేసిన అబ్దుల్లా యూసుఫ్ అలీ గారిని కూడా 1953లో అక్కడే ఖననం చేశారు. పిక్తాల్ పోయిన రెండేళ్ళకు, 1938లో, ఒక పక్క అరబ్బీ, ఒక పక్క ఇంగ్లీషు ఉండేటట్లు ఆ పుస్తకాన్ని రెండు సంపుటాలుగా హైదరాబాదు ప్రభుత్వ ముద్రణాలయంలో అచ్చు వేశారు. అసలు పక్కన ఉంటేనే అర్థానికి దాని చోటు దానికి తెలుస్తుంది.

ఇక రెండో ఆయన. ముహమ్మద్ హమీదుల్లాహ్ గారు 1908లో హైదరాబాదులో పండితుల ఇంట పుట్టారు. ఉస్మానియాలో చదివారు, జర్మనీలో బాన్‌లోను, ఫ్రాన్సులో పారిస్‌లోను డాక్టరేట్లు పొందారు. తిరిగి వచ్చి ఉస్మానియాలో అంతర్జాతీయ న్యాయం బోధించారు. ఏయే భాషల్లో ఖురాన్ తర్జుమాలు ఉన్నాయో వెతికి వెతికి ఒక పట్టిక తయారుచేసి హైదరాబాదులోనే అచ్చువేయించారు. 1948లో సంస్థానం పక్షాన ఐక్యరాజ్యసమితికి వెళ్ళిన బృందంలో ఆయన ఉన్నారు. ఆ యేడే సంస్థానం ముగిసిపోయింది. ఆయన మళ్ళీ హైదరాబాదుకు కాపురం రాలేదు. పారిస్‌లో ఒక చిన్న ఇంట్లో, పెళ్ళి చేసుకోకుండా, పుస్తకాల మధ్య దశాబ్దాలు గడిపారు. ఏ దేశపు పౌరసత్వమూ తీసుకోలేదు. 2002లో అమెరికాలో పరమపదించారు.

ఆయన ఫ్రెంచి తర్జుమా 1959లో వెలువడింది. పది భాషల పండితుడు, అరబ్బీ చిన్ననాటి నుంచి చదువుకున్నవాడు, పారిస్‌లో డాక్టరేటు పొందినవాడు. అయినా ఒంటరిగా చేయలేదు. మిషెల్ లేతుర్మి అనే ఫ్రెంచి ఆయనను పక్కన పెట్టుకున్నారు. ఆ పుస్తకానికి ముందుమాట రాసిన లూయీ మాసిన్యాఁ కూడా ఫ్రెంచి పండితుడే, క్రైస్తవుడు. ఆ తర్వాత కూడా హమీదుల్లాహ్ గారు ముద్రణ ముద్రణకూ దిద్దుతూనే పోయారు. మదీనాలోని కింగ్ ఫహద్ ముద్రణాలయం వేసిన ఫ్రెంచి తర్జుమాకు కూడా ఆయన పనే ఆధారం.

ఇద్దరినీ పక్కపక్కన పెట్టి చూడండి. ఇంగ్లీషు ఆయనకు పక్కన ఒక అరబ్బు కావలసి వచ్చాడు. అరబ్బీ పండితునికి పక్కన ఒక ఫ్రెంచివాడు కావలసి వచ్చాడు. ఎవరి చేతిలో ఏది తక్కువో వారికి తెలుసు. ఆ తెలిసి ఉండడమే వాళ్ళ పాండిత్యం అని నాకు అనిపిస్తుంది.

ఇంత జాగ్రత్త ఎందుకూ అంటారేమో. రెండు మూడు మాటలు తీసుకుని చెబుతాను. తప్పు ఉంటే మౌలానా గారు దిద్దాలి.

బిస్మిల్లాహ్‌లో రహ్మాన్, రహీమ్ అని రెండు మాటలు ఉన్నాయి. రెండూ ఒకే ధాతువు నుంచి వచ్చినవి. తల్లి గర్భానికి అరబ్బీలో ఉన్న మాట కూడా ఆ ధాతువుదే. పిక్తాల్ ఇంగ్లీషులో రెండు వేరు వేరు మాటలు వేశాడు. ఒకటి మేలు చేసేవాడని, ఒకటి కరుణ గలవాడని. చదవడానికి హాయిగా ఉంటుంది, కానీ రెండూ అక్కచెల్లెళ్ళని తెలియదు. హమీదుల్లాహ్ గారు ఫ్రెంచిలో దయామయుడు అనే ఒకే మాటను ఉంచి, దాని ముందు రెండు వేరు వేరు విశేషణాలు తగిలించారు. బంధుత్వం నిలిచింది, కొంచెం బరువు పెరిగింది. ఎవరిది రైటు? ఇద్దరూ ఒక లాభానికి ఒక నష్టం కట్టారు.

అల్లాహ్ అనే పేరునే తీసుకోండి. పిక్తాల్ దానిని ఇంగ్లీషులోకి మార్చనేలేదు, అల్లాహ్ అనే ఉంచాడు. ఆ మాటకు బహువచనం లేదు, స్త్రీలింగం లేదు, ఇంగ్లీషు మాటకు రెండూ ఉన్నాయి అన్నాడు. హమీదుల్లాహ్ గారు ఫ్రెంచివాళ్ళు దేవుడికి వాడుకునే మాటే వాడారు. చదివేవాడు ఇది పరాయి దేవుడి సంగతి అనుకోకుండా ఉంటాడు. ఇంగ్లీషు ఆయన అరబ్బీ మాట ఉంచాడు, హైదరాబాదు ఆయన ఫ్రెంచి మాట వేశాడు. తమాషాగా లేదూ!

తఖ్వా అని మనం రోజూ అంటుంటాం. తెలుగులో భయభక్తులు అంటాము, ఫ్రెంచిలో భక్తి అన్నారు. ఆ మాట ధాతువులో తనను తాను కాపాడుకోవడం అనే భావం ఉంది. పిక్తాల్ ఆ ధాతువును పట్టుకుని, చెడును దూరంగా నెట్టుకునేవారు అనే అర్థం వచ్చేటట్లు వేశాడు. ముళ్ళ దారిలో బట్ట చిరగకుండా పట్టుకుని నడిచేవాణ్ణి తలుచుకోండి, అందులో భయం ఉంది, తెలివీ ఉంది.

ఇంకొకటి. సూరా రహ్మాన్‌లో డెబ్బై ఎనిమిది ఆయతులు ఉంటే, ఒకే ప్రశ్న ముప్ఫయి ఒక్కసార్లు వస్తుంది. ఆ ప్రశ్న ఇద్దరిని ఉద్దేశించింది, మనుషులను, జిన్నులను. అరబ్బీలో ఇద్దరికి వేరే రూపం ఉంది. సంస్కృతం చదివినవారికి ద్వివచనం అంటే తెలుస్తుంది. ఇంగ్లీషులో లేదు, ఫ్రెంచిలో లేదు, తెలుగులోనూ లేదు. ముప్ఫయి ఒక్కసార్లూ ఆ 'ఇద్దరూ' తర్జుమాలో జారిపోతారు. ఇక ఆ సూరా వినేటప్పుడు గుండెలో కలిగే కదలిక సంగతి సరేసరి, దానిని ఏ భాషలోకి ఎవరు తేగలరు?

అందువల్ల ఉలమాలు భయపడిందీ నిజమే, తర్జుమా చేసినవారు తెగించిందీ సబబే. మన దేశంలోనూ ఇదే నడిచింది. 18వ శతాబ్దంలో ఢిల్లీలో షా వలీయుల్లాహ్ గారు పారసీలోకి తర్జుమా చేస్తే ఆక్షేపించినవారున్నారు. ఆయన కొడుకులే ఉర్దూలోకి చేశారు. మా అబ్బాజాన్ అల్మారాలో ఉన్న ఉర్దూ తర్జుమా ఆ దారిలో వచ్చిందే. ఒక తరానికి కొత్తగా, భయంగా తోచింది తర్వాతి తరానికి ఇంటి పెద్ద పుస్తకమైంది. ఆ తర్వాతి తరానికి ఆ లిపి కూడా రాకుండా పోయింది.

ఇక మన సంగతికి వస్తాను. తెలుగులో తర్జుమాలు లేక కాదు. ఆంధ్ర భాషా చరిత్రము రాసిన చిలుకూరి నారాయణరావు గారు తెలుగులో ఖురాన్ తర్జుమా చేసిన తొలివారిలో ఒకరు. ఆయన ముస్లిం కాదు. తర్వాత మనవాళ్ళు కూడా చేశారు. పుస్తకాలు దొరుకుతున్నాయి. పెళ్ళిళ్ళలో కానుకగా ఇస్తున్నాము. పట్టుగుడ్డలో చుట్టి అల్మారా పైన పెడుతున్నాము. అక్కడే ఆగిపోతోంది.

నా మాట మీద ఇద్దరు ముగ్గురు పెద్దలు ఇప్పటికే అభ్యంతరం చెప్పారు. ఆ అభ్యంతరాలు నేనే సభ ముందు పెడతాను. ఒకటి, తర్జుమా అలవాటైతే పిల్లలు అరబ్బీ తిలావతు మానేస్తారు. రెండు, ఎవరి మట్టుకు వారు చదువుకుని ఎవరికి తోచిన అర్థం వారు చెప్పి తగాదాలు తెస్తారు. మొదటిదానికి నా జవాబు: మా మనవరాలు అరబ్బీ మానలేదు. అర్థం అడిగింది అరబ్బీ చదివింది గనుకనే. చదవనివాడికి అసలు ప్రశ్నే పుట్టదు. రెండోదానికి నా దగ్గర పూర్తి జవాబు లేదు. ఆ ప్రమాదం నిజమే. ఫోనులో ఒంటరిగా కూర్చుని చదివే పిల్లవాడికి ఆ ప్రమాదం ఇంకా ఎక్కువ. మనం నోరు మూసుకుంటే వాడు చదవడం మానడు, మనల్ని అడగడం మానతాడు.

ఇక్కడ నా తప్పు ఒకటి ఒప్పుకోవాలి. నా కూతురు చిన్నప్పుడు ఇదే ప్రశ్న అడిగింది. "ముందు సరిగ్గా చదవడం నేర్చుకో, అర్థాలు తర్వాత" అని గదమాయించాను. ఆ 'తర్వాత' ఎప్పుడూ రాలేదు. ఆమె పెళ్ళయి వెళ్ళిపోయింది, ఇప్పుడు తన పిల్లలకు అదే మాట చెబుతోంది. నా కొడుకు అసలు అడగనేలేదు. మూడో తరం అడిగింది. ఈసారి కూడా గదమాయిస్తే నాలుగో తరం అడగదు.

అంచేత సొసైటీ ముందు ఒక ప్రతిపాదన పెడుతున్నాను. దానికి పెద్ద ఖర్చు లేదు. వారానికి ఒక రోజు, శనివారం ఇషా తర్వాత ఒక గంట. అరబ్బీ తెలిసిన హాఫిజ్ సాహెబు ఒకరు, తెలుగు బాగా వచ్చిన మాస్టారు ఒకరు, ఇద్దరూ పక్కపక్కన కూర్చోవాలి. ఒక్కరు చాలదు. పిక్తాల్ అంతవాడు, హమీదుల్లాహ్ గారంతటివారు ఒంటరిగా చేయనిది మన ఊళ్ళో ఒక్కరిమీద వేయడం న్యాయం గాదు. మొదలు పెద్ద సూరాలు ముట్టుకోవద్దు. నమాజులో మనం రోజూ చదివే ఫాతిహా, చివరి పది చిన్న సూరాలు, ఇవి చాలు ఒక సంవత్సరానికి. ముందు తిలావతు, తర్వాత అర్థం. తర్జుమాల్లో తేడా వస్తే తేడా ఉందని చెప్పాలి, దాచవద్దు. ఆడపిల్లలకు, తల్లులకు చోటు ఉండాలి. అది లేకపోతే ఈ పని సగమే. చోటు దొరకదంటే మా ముందుగది ఉంది. మా ఇంటావిడ పోయాక ఆ గది ఖాళీగానే ఉంది.

చివరిగా ఒక్క మాట చెప్పి ముగిస్తాను. నేనూ మా మనవరాలూ ఫాతిహాతో మొదలుపెట్టాము. అబ్బాజాన్ ఉర్దూ పుస్తకం నా చేతిలో, ఇంగ్లీషు ఆమె ఫోనులో, తెలుగు పుస్తకం ఇద్దరి మధ్యన. ఏడు ఆయతులకు మూడు వారాలు పట్టింది. అర్థం కానిచోట మౌలానా గారికి ఫోను చేసి విసిగించాము. ఆయన విసుక్కోలేదు. రహీమ్ అనే మాటకు తల్లి గర్భంతో సంబంధం ఉందని ఆయన చెప్పిన రోజున ఆ పిల్ల కాసేపు మాట్లాడలేదు. తర్వాత మెల్లగా, "దాదీ పేరులోనూ ఆ మాటే ఉంది గదా దాదా" అంది.

నలభై ఆరేళ్ళు ఆ పేరు పిలిచాను. నాకు ఏనాడూ తట్టలేదు.

దాదీ బర్సీకి ఆ పిల్ల మళ్ళీ సిపారా పట్టుకుంటుంది. ఈసారి మొత్తం కాకపోయినా, ఏడు ఆయతులు ఏం చదువుతోందో ఆమెకు తెలుసు. మిగిలినవి నేర్పే బాధ్యత నా ఒక్కడిది కాదు, మనందరిది. అల్లాహ్ మనకు చదివే నోరు, తెలుసుకునే మనసు రెండూ ప్రసాదించుగాక. ఆమీన్.